1988 నుంచి ఒకే పాత్రలో: రే మార్ నట జీవితం

ఆస్ట్రేలియాలో 1979 నుంచి 1986 వరకు ‘ప్రిజనర్’ అనే సీరియల్ వచ్చింది. వెంట్‌వర్త్ అనే కల్పిత ఆడవాళ్ళ జైలు కథ అది. 692 ఎపిసోడ్లు నడిచింది. ఆ ఒక్క సీరియల్లోనే రే మార్ అనే నటుడు మూడుసార్లు, మూడు వేర్వేరు పాత్రల్లో కనిపించారు. వేషం మారింది, పేరు మారింది, కథలో ఆ మనిషి చేసే పని మారింది. ‘ఇతను ఇంతకుముందు వచ్చినతనే కదా’ అన్న ఇబ్బంది నిర్మాతలకు రాలేదు. అప్పటికి ఆయన ముఖం జనానికి అంతగా గుర్తుండేది కాదు.

రెండేళ్ళు తిరక్కముందే, 1988 జనవరిలో, అదే నటుడు ‘హోమ్ అండ్ అవే’ అనే డైలీ సీరియల్లో ఆల్ఫ్ స్టువర్ట్ అయ్యారు. ఆ తర్వాత మూడున్నర దశాబ్దాలకు పైగా ఆ ముఖం ఆల్ఫ్‌దే. ఒక ఆస్ట్రేలియన్ సీరియల్లో అందరికంటే ఎక్కువ కాలం పనిచేసిన నటుడిగా గిన్నిస్ వాళ్ళు ఆయన పేరు నమోదు చేశారు. ఏళ్ళ తరబడి సాగే ఇలాంటి డైలీ సీరియల్‌ను సోప్ అంటారు. సోప్ నటుల గురించి రాసేవాళ్ళు ఎక్కువగా సోప్ వదిలి హాలీవుడ్‌కు వెళ్ళినవాళ్ళ గురించే రాస్తారు. అలా వెళ్ళడానికి ఎంత ప్రతిభ కావాలో, ఉండిపోవడానికీ అంతే కావాలి. ఆ ప్రతిభ ఎలా ఉంటుందో చూడాలంటే మార్ నట జీవితాన్ని మించిన ఉదాహరణ దొరకడం కష్టం.

ముందు పేరు సంగతి. ఇంగ్లిష్ స్పెల్లింగ్ చూస్తే ‘మీగర్’ అని చదవాలనిపిస్తుంది. ఐర్లండ్ నుంచి వచ్చిన ఆ ఇంటిపేరును ఆస్ట్రేలియాలో ‘మార్’ అని పలుకుతారు. ఆయన 1944 జూలై 4న క్వీన్స్‌లాండ్ రాష్ట్రంలోని రోమా అనే ఊళ్ళో పుట్టారు. బ్రిస్బేన్ నుంచి పడమరకు వందల కిలోమీటర్లు వెళితే గాని ఆ ఊరు రాదు. పెరిగింది ఇంకా దక్షిణాన, న్యూ సౌత్ వేల్స్ సరిహద్దుకు దగ్గర్లో ఉన్న డిర్రన్‌బాండీ పక్కన, ఒక స్టేషన్‌లో. అక్కడ స్టేషన్ అంటే గొర్రెలు, పశువులు మేపుకునే వేల ఎకరాల నేల. పక్కింటికి వెళ్ళాలన్నా బండి కట్టాల్సినంత దూరం. చదువు కోసం పిల్లలను నగరంలో హాస్టల్ బడికి పంపడం అలాంటి కుటుంబాల్లో మామూలే. రేను కూడా బ్రిస్బేన్‌లోని మారిస్ట్ కాలేజీ యాష్‌గ్రోవ్‌కు పంపారు. అక్కడ రగ్బీ బాగా ఆడారు. నటన వైపు రావడం ఆ తర్వాత సంగతి.

ఈ బాల్యాన్ని దాటవేసి ముందుకు వెళ్ళడం కుదరదు. ఆల్ఫ్ స్టువర్ట్ మాట, నడక, కోపం, ఎదుటివాణ్ణి తూకం వేసే చూపు, ఇవన్నీ ఆ నేల మనుషులవే. నగరంలో పుట్టి నటన స్కూల్లో పల్లె యాస నేర్చుకున్నవాడు ఈ పాత్ర వేసి ఉంటే రెండేళ్ళకే పలచబడిపోయేది. కొన్ని వేల ఎపిసోడ్ల పాటు అరువు యాసతో నెట్టుకురావడం ఎవరివల్లా కాదు.

మార్ నటనలోకి వచ్చిన 1970లు ఆస్ట్రేలియా సినిమాకు మంచి రోజులు. ప్రభుత్వ సాయంతో సినిమాలు మళ్ళీ మొదలయ్యాయి, నాటక రంగంలో కొత్త గొంతులు వినిపించాయి. 1980లో వచ్చిన ‘బ్రేకర్ మోరాంట్’ ఆ కాలపు గొప్ప సినిమాల్లో ఒకటి. దక్షిణాఫ్రికాలో జరిగిన బోయర్ యుద్ధంలో ఆస్ట్రేలియా సైనికులపై జరిగిన సైనిక విచారణ దాని కథ, దర్శకుడు బ్రూస్ బెరెస్‌ఫర్డ్. అందులో మార్ సార్జెంట్ మేజర్ డ్రమండ్ పాత్ర వేశారు. అయినా అప్పటి ఆస్ట్రేలియా జనాభా కోటిన్నరకు మించదు. అంత చిన్న మార్కెట్లో కథానాయకులే సినిమాల మీద బతకలేరు, ఇక పోలీసు, సైనికుడు, దొంగ లాంటి వేషాలు వేసే నటుడి సంగతి చెప్పేదేముంది? ఆ నటులకు అన్నం పెట్టింది టీవీ. ఒక సీరియల్లో రెండు వారాలు, ఇంకోదాంట్లో నెల, తర్వాత కొన్నాళ్ళు ఖాళీ. దాదాపు 15 ఏళ్ళు మార్ అలా బతికారు. ఆల్ఫ్ పాత్ర వచ్చేనాటికి ఆయన వయసు 43. నిలకడైన పని విలువ ఏమిటో ఆ వయసులో ఒక నటుడికి బాగా తెలుస్తుంది. ఇరవై ఏళ్ళ కుర్రాడికి మెట్టులా కనిపించే సోప్ ఆయనకు ఇల్లులా ఎందుకు కనిపించిందో ఇక్కడే అర్థమవుతుంది.

అసలు ‘హోమ్ అండ్ అవే’ పుట్టడానికి ఒక టీవీ ఛానెల్ చేసిన పొరపాటు కారణం. రెగ్ వాట్సన్ రూపొందించిన ‘నైబర్స్’ అనే సోప్ 1985 మార్చిలో సెవెన్ నెట్‌వర్క్‌లో మొదలైంది. రేటింగ్ సరిపోలేదని ఏడాది తిరగకముందే సెవెన్ దాన్ని ఆపేసింది. పోటీ ఛానెల్ టెన్ దాన్ని తీసుకుని 1986 జనవరి నుంచి నడిపింది. కైలీ మినోగ్, జేసన్ డోనవన్ అనే యువ నటులు అందులోకి వచ్చారు. 1987లో వాళ్ళ పాత్రల పెళ్ళి దేశమంతా చూసింది. ఇంగ్లండ్‌లో బీబీసీ ఆ పెళ్ళిని మరుసటి ఏడాది ప్రసారం చేస్తే దాదాపు 2 కోట్ల మంది చూశారు. తాము వదిలేసిన సీరియల్ పక్కవాళ్ళ ఇంట బంగారం పండించడం చూసిన సెవెన్‌కు తమదంటూ ఒక సోప్ కావాల్సి వచ్చింది.

ఆ ఛానెల్ డ్రామా విభాగంలో పెద్ద బాధ్యతలో ఉన్న అలన్ బేట్‌మన్ దానికి కథ ఇచ్చారు. న్యూ సౌత్ వేల్స్‌లోని ఒక చిన్న ఊళ్ళో నగరం పిల్లల కోసం ఫాస్టర్ హోమ్ పెడతామంటే స్థానికులు గొడవ చేస్తున్నారు. ఆ మాట ఆయన చెవిన పడింది. కన్నవాళ్ళ దగ్గర పెరిగే అవకాశం లేని పిల్లలు, వాళ్ళను పెంచే దంపతులు, వాళ్ళను అనుమానంగా చూసే ఊరు. ‘హోమ్ అండ్ అవే’ మూలం ఇదే. 1988 జనవరి 17న సినిమా నిడివి ఉన్న తొలి భాగంతో అది మొదలైంది. ఉద్యోగం పోయిన టామ్ ఫ్లెచర్, అతని భార్య పిప్పా తాము పెంచుతున్న పిల్లలను వెంటబెట్టుకుని సమ్మర్ బే అనే సముద్రతీరపు ఊరికి వచ్చి ఒక క్యారవాన్ పార్క్ (చక్రాల ఇళ్ళు నిలుపుకుని ఉండే చోటు) కొంటారు. అమ్మిన మనిషి ఆల్ఫ్ స్టువర్ట్.

చూడటానికి ఇది చిన్న వివరమే, పాత్ర బలం మాత్రం ఇందులోనే ఉంది. బయటి నుంచి వచ్చేవాళ్ళకు ఊరి తలుపు తీసే మనిషి ఆల్ఫ్. ఆ తలుపు దగ్గర నిలబడి సణిగే మనిషి కూడా అతనే. తన కూతురు రూ, ఫ్లెచర్ల ఇంట పెరిగిన ఫ్రాంక్‌తో తిరగడం అతనికి మింగుడుపడదు. ఊరి అనుమానానికి అతను గొంతు. తర్వాత మెత్తబడి ఆ పిల్లలనే వెనకేసుకొస్తాడు. ప్రేమించి పెళ్ళాడిన ఐల్సా, కొట్టి హింసించే తండ్రిని చంపి జైలుకు వెళ్ళొచ్చిన మనిషి. ఊరు ఆమె గురించి గుసగుసలాడుతుంటే అడ్డుగా నిలబడింది ఆల్ఫే. ముందు మొరటుగా కాదనడం, తర్వాత గుండెలకు హత్తుకోవడం. ఈ రెండడుగుల నాట్యాన్ని రచయితలు ఎన్ని వందలసార్లు వాడుకున్నారో లెక్కలేదు. కొత్తగా వచ్చిన ప్రతి కుటుంబాన్నీ ఆల్ఫ్ ముందు కసురుకుంటాడు, ఆరు వారాలు తిరిగేసరికి వాళ్ళ కోసం ఇంకొకరితో పోట్లాడతాడు. తెలుగు పల్లెల్లో రచ్చబండ మీద కూర్చునే పెద్దమనిషికి ఇలాంటి స్వభావమే ఉంటుంది కాబట్టి, ఆ దేశం చూడకపోయినా మనకు ఆల్ఫ్ అర్థమవుతాడు.

సమ్మర్ బే మ్యాప్‌లో దొరకదు. బయటి దృశ్యాలు తీసేది సిడ్నీ నగరం నడిబొడ్డు నుంచి ఉత్తరాన 40 కిలోమీటర్ల దూరంలోని పామ్ బీచ్‌లో. బ్యారన్‌జోయీ కొండ మీది పాత లైట్‌హౌస్, ఇసుక పొడుగునా అలలు, సర్ఫ్ క్లబ్ భవనం, అన్నీ అక్కడివే. నిజానికి పామ్ బీచ్ ఆ దేశంలో బాగా డబ్బున్నవాళ్ళు ఇళ్ళు కట్టుకునే చోటు. ఆల్ఫ్ లాంటి, చేపలకు వేసే ఎరలు అమ్మే కొట్టు యజమాని అక్కడ ఇల్లు కొనడం కలలో మాట. లోపలి దృశ్యాలు మొదట ఎప్పింగ్‌లోని సెవెన్ స్టూడియోలో తీసేవారు, ఆ తర్వాత నగరం మధ్యకు దగ్గరగా ఎవ్లీ ప్రాంతానికి మారారు. అంటే ఆల్ఫ్ తలుపు తీసుకుని బయటికి అడుగు పెట్టే ఒక్క క్షణానికి రెండు చోట్ల, రెండు వేర్వేరు రోజుల్లో షూటింగ్ జరిగి ఉంటుంది. తలుపుకు ఇవతల ఉన్న కోపం, అవతలికి వెళ్ళాక కూడా అదే మోతాదులో ఉండాలి.

సోప్ నటన గురించి మాట్లాడేటప్పుడు ఈ పని పద్ధతిని చాలామంది పట్టించుకోరు. వారానికి ఐదు ఎపిసోడ్లు, ఒక్కోటి అరగంట. ప్రకటనలు తీసేస్తే ఒక్కోటి 22 నిమిషాల చుట్టూ ఉంటుంది. ఐదూ కలిపితే దాదాపు 110 నిమిషాలు, అంటే వారానికి ఒక సినిమా. మామూలు సినిమాకు నెలా రెండు నెలల షూటింగ్ కావాలి. ఇక్కడ ఆ నిడివి వారంలో తయారు కావాలి, అదీ ఆగకుండా, ఏడాదిలో ఎక్కువ భాగం. ఒక వారానికి సరిపడా ఎపిసోడ్లను ఒక దర్శకుడికి అప్పగిస్తారు. ఒక యూనిట్ బీచ్‌లో, ఒకటి స్టూడియోలో పనిచేస్తుంటాయి. ఉదయం ఆసుపత్రి సీను, మధ్యాహ్నం దానికి మూడు రోజుల ముందు జరగాల్సిన గొడవ సీను. రిహార్సల్‌కు దొరికే సమయం తక్కువ, టేకులు ఒకటో రెండో. డైలాగ్ మర్చిపోయేవాడు, మూడ్ రాలేదని కూర్చునేవాడు ఈ యంత్రంలో నిలవడు.

అందుకే మొదటి టేక్‌లోనే నమ్మదగిన మనిషిని నిలబెట్టగల సీనియర్‌కు అక్కడ అంత విలువ. ఎదురుగా ఉన్నది మొన్నే ఎంపికైన, కెమెరా అంటే టెన్షన్ పడే పంతొమ్మిదేళ్ళ కుర్రాడు కావచ్చు. సీను తేలిపోకుండా పట్టుకునేది పెద్ద నటుడే. 1991లో నవోమీ వాట్స్, 1997లో హీత్ లెడ్జర్, 2004 నుంచి 2007 వరకు క్రిస్ హెమ్స్‌వర్త్, వాళ్ళు కాక ఐలా ఫిషర్, రయన్ క్వాంటెన్, జూలియన్ మెక్‌మాన్, సమారా వీవింగ్, అందరూ సమ్మర్ బే ఇసుక మీద నడిచి వెళ్ళినవాళ్ళే. ఆ సీరియల్‌ను నటన బడి అని చాలామంది అంటారు. ఆ పోలిక సరైనదే. బడి గొప్పతనం బయటికెళ్ళిన విద్యార్థుల్లో కనిపిస్తుంది కాబట్టి పత్రికలు విద్యార్థుల ఫోటోలే వేస్తాయి. లోపల పాఠం చెబుతూ ఉండిపోయిన మాస్టారికీ ఆ గౌరవంలో వాటా దక్కాలి.

ఇక ఆల్ఫ్ భాష. ‘ఫ్లేమింగ్ గలా’ అనేది అతని నోటి నుంచి రాలిన మాటల్లో అన్నిటికంటే పేరున్న తిట్టు. గలా అంటే గులాబీ, బూడిద రంగులు కలిసిన ఒక రకం కాకటూ చిలుక. గుంపులు గుంపులుగా గోల చేస్తూ తిరుగుతుంది, అందుకే తెలివితక్కువవాణ్ణి ఆ పేరుతో పిలుస్తారు. ఆశ్చర్యం వేస్తే ‘స్ట్రూత్’ అంటాడు. దేవుడి మీద ఒట్టేసి నిజం చెప్పడం అనే పాత ఇంగ్లిష్ మాట అరిగి అరిగి అలా తయారైంది. ‘స్టోన్ ద ఫ్లేమింగ్ క్రోస్’ అన్నది ఇంకోటి. ఇవి రచయితలు నిఘంటువు చూసి కూర్చిన మాటల్లా వినిపించవు. మార్ పెరిగిన క్వీన్స్‌లాండ్ లోపలి ప్రాంతాల్లో, గొర్రెల బొచ్చు కత్తిరించే షెడ్లలో, పల్లెటూరి పబ్బుల్లో మగవాళ్ళు మాట్లాడుకునే మాటల తరహా ఇది. సిడ్నీ, మెల్‌బోర్న్ వీధుల్లో ఇవాళ ఇలా మాట్లాడేవాళ్ళు అరుదు. అటు ఇంగ్లండ్‌లో, ఐర్లండ్‌లో బడి నుంచి వచ్చి టీవీ ముందు కూర్చున్న పిల్లలకు ఆస్ట్రేలియా భాష అంటే ఆల్ఫ్ మాటే. అంతరించిపోతున్న ఒక యాసను రోజూ సాయంత్రం కోట్లమంది చెవిలో వేయడం ఒక నటుడికి దక్కిన అరుదైన అవకాశం. దాన్ని ఆయన వెకిలి చేయలేదు. తిట్టును నవ్వు కోసమే వాడిన సీన్లు ఉన్నాయి, కాని ఆ తిట్టు వెనక మనిషి ఎప్పుడూ ఉంటాడు.

ఇక్కడ ఒక లోపాన్ని దాచకుండా చెప్పాలి. ఆల్ఫ్ ప్రాతినిధ్యం వహించే ఆస్ట్రేలియా ఆ దేశంలో ఒక ముక్క మాత్రమే. నిజమైన సిడ్నీలో చైనా, వియత్నాం, లెబనాన్, ఇండియా నుంచి వచ్చిన కుటుంబాలు లక్షల్లో ఉన్నాయి, తెలుగువాళ్ళూ వాళ్ళలో ఉన్నారు. ఆ నేల మొదటి ప్రజలైన ఆదివాసులు ఉన్నారు. సమ్మర్ బేలో మాత్రం దశాబ్దాల పాటు దాదాపు అందరూ తెల్లవాళ్ళే. 2020లో న్యూజిలాండ్ ఆదివాసులైన మావోరి మూలాలున్న పరాటా కుటుంబాన్ని కథలోకి తెచ్చారు. అప్పటికి సీరియల్ వయసు 32 ఏళ్ళు. ఇందులో మార్ తప్పు లేదు, ఇది ఛానెల్, రచయితలు తీసుకోవాల్సిన నిర్ణయం. అయినా ఆల్ఫ్‌ను ‘అసలైన ఆస్ట్రేలియన్’ అని మెచ్చుకునే ప్రతిసారీ, ఆ మాట ఎవరిని పక్కకు నెడుతోందో కూడా గుర్తుంచుకోవాలి.

ఆల్ఫ్ వియత్నాం యుద్ధానికి వెళ్ళొచ్చిన సైనికుడు. ఆ యుద్ధంలో దాదాపు 60,000 మంది ఆస్ట్రేలియన్లు పనిచేశారు. పుట్టినరోజుల లాటరీ తీసి 20 ఏళ్ళ కుర్రాళ్ళను సైన్యంలోకి తీసుకున్నారు. 1965 మార్చిలో తీసిన మొదటి లాటరీ 1945 తొలి ఆరు నెలల్లో పుట్టినవాళ్ళకు. మార్ పుట్టింది 1944 జూలైలో, అంటే ఆరు నెలల తేడాతో ఆ లాటరీ వయసు దాటిపోయారు. తనకంటే ఒక ఏడాది చిన్నవాళ్ళు మోసుకొచ్చిన యుద్ధ జ్ఞాపకాలను ఆయన తెరపై మోశారు. పైకి గట్టిగా కనిపించే మనిషి ఆ పాత గాయం దగ్గరికి రాగానే మూగబోవడం ఆల్ఫ్ పాత్రలో మంచి ఘట్టాలకు మూలమైంది. ఆయన తరం పల్లె మగవాళ్ళు ఏడవరు, మాట మారుస్తారు. మార్ దాన్ని చూపులు తిప్పుకోవడంతో, టోపీ సర్దుకోవడంతో చెబుతారు.

సినిమాలో లేనిది, నాటకంలో లేనిది, సోప్‌లో మాత్రమే ఉన్నది ఒకటుంది: నిజమైన కాలం. 43 ఏళ్ళ తండ్రిగా మొదలైన ఆల్ఫ్ తెర మీదే తాతయ్యాడు. జుట్టు నెరిసింది మేకప్‌తో కాదు, ఏళ్ళు గడిచి నెరిసింది. ఐల్సాగా నటించిన జూడీ నన్ 12 ఏళ్ళ తర్వాత 2000లో సీరియల్ వదిలి పూర్తిగా నవలా రచన వైపు వెళ్ళారు, పేరున్న నవలా రచయిత్రి అయ్యారు. కథలో ఐల్సా చనిపోయింది. ప్రేక్షకుడు ఆ జంటను 12 ఏళ్ళు వారానికి ఐదు రోజులు చూశాడు. రెండున్నర గంటల సినిమాలో భార్య చనిపోతే మనం ఆ నటుడి ఏడుపు చూసి కరుగుతాం. ఇక్కడ ఆల్ఫ్ ఏడవక్కర్లేదు, ఐల్సా లేక ఖాళీగా ఉన్న కొట్టు కౌంటర్ వైపు ఒకసారి చూస్తే చాలు. ఆ చూపులోకి 12 ఏళ్ళను ప్రేక్షకుడే తెచ్చుకుంటాడు. కొన్నేళ్ళకు ఆల్ఫ్‌కు మెదడులో కణితి వచ్చి, చనిపోయిన ఐల్సా కనబడుతున్నట్టు భ్రమ కలిగే కథ రాశారు. ఇంకే రకం కథలోనైనా నాటకీయంగా తోచే ఆ మలుపు, అంతకాలం ఆ కాపురాన్ని చూసినవాళ్ళకు నిజమైన బెంగలా తగిలింది.

అతికించిన కథలూ లేకపోలేదు. 30 ఏళ్ళకు పైగా చనిపోయిందనుకున్న మొదటి భార్య మార్తా 2018లో బతికే ఉందని తేలడం అలాంటిదే. సముద్రంలో మునిగి చనిపోయిన తల్లి అని రూ బాల్యం నుంచి నమ్మిన కథ ఒక్కసారిగా తలకిందులైంది. సోప్ రచయితలకు చచ్చినవాళ్ళను బతికించడం అలవాటే. అలాంటి కథను ప్రేక్షకుడు మింగాలంటే దాన్ని మొదట నమ్మాల్సింది నటుడు. సంతోషం కంటే ముందు మోసపోయానన్న కోపం ఆల్ఫ్ ముఖంలో కనిపించింది కాబట్టి ఆ మలుపు నిలబడింది.

ఇందులోనే సోప్ నటనకు సంబంధించిన ఇంకో చిక్కు ఉంది, దాని గురించి ఎవరూ పెద్దగా రాయరు. రూ పాత్రను మొదట్లో జస్టిన్ క్లార్క్ వేసేవారు. 1989లో ఆమె వెళ్ళిపోయారు. 2010లో రూ తిరిగొచ్చినప్పుడు ఆ పాత్రలో జార్జీ పార్కర్ ఉన్నారు. ఆమె అప్పటికే రెండుసార్లు గోల్డ్ లోగీ అనే పెద్ద టీవీ అవార్డు గెలిచిన నటి. అంటే తండ్రి అదే మనిషి, కూతురు వేరే మనిషి. తను ఎత్తుకుని పెంచిన బిడ్డ అన్న ప్రేమతో ఒక కొత్త ముఖం వైపు చూడాలి. మార్తా పాత్రలో కూడా నటి మారింది. ఎదుటివాళ్ళు మారుతున్నా బంధం మారలేదని ప్రేక్షకుడికి హామీ ఇచ్చేది మారని ఆ ఒక్క ముఖమే. కుటుంబం మొత్తానికి జ్ఞాపకం ఒక్క నటుడి దగ్గర ఉండిపోవడం అంటే ఇదే.

గుర్తింపు ఆలస్యంగా వచ్చింది. ఆస్ట్రేలియా టీవీలో ప్రేక్షకుల ఓట్లతో ఇచ్చే అతి పెద్ద అవార్డు గోల్డ్ లోగీ. టీవీని కనిపెట్టినవాళ్ళలో ఒకరైన జాన్ లోగీ బెయిర్డ్ పేరు మీద వచ్చింది. చిన్న పిల్లగా సాలీ పాత్రలో మొదలై అదే సీరియల్లో 20 ఏళ్ళు పెరిగిన కేట్ రిచీ 2007లో, 2008లో దాన్ని గెలిచారు. మార్‌కు 2010లో వచ్చింది, అప్పటికి ఆయన వయసు 65, సీరియల్ వయసు 22. ఆ కాలంలోనే లండన్ వెస్ట్ ఎండ్‌లో ‘ప్రిసిల్లా’ సంగీత నాటకంలో బాబ్ అనే మెకానిక్ పాత్ర వేయడానికి వెళ్ళారు. బ్రిటన్‌లో ఆయనను చూడటానికి టికెట్ కొనేవాళ్ళు ఉన్నారంటే కారణం ఆల్ఫే. 2018లో ఆర్డర్ ఆఫ్ ఆస్ట్రేలియా పతకం కూడా అందింది.

బ్రిటన్ ప్రేక్షకుల విషయం అభిమానంతో ఆగేది కాదు, డబ్బు లెక్కలకు కూడా అది ముఖ్యం. అక్కడ 1989 నుంచి ఐటీవీలో ‘హోమ్ అండ్ అవే’ వచ్చేది. 2000లో హక్కులు ఛానెల్ 5 చేతికి వెళ్ళాయి, ఏడాదికి పైగా విరామం తర్వాత 2001 జూలైలో అక్కడ మళ్ళీ మొదలైంది. చిన్న దేశంలో తీసే డైలీ సీరియల్‌కు విదేశీ అమ్మకం ప్రాణవాయువు లాంటిది. అది ఆగితే ఏమవుతుందో నైబర్స్ చూపించింది. ఛానెల్ 5 తప్పుకోవడంతో 2022 జూలైలో ఆ సీరియల్ ముగిసింది. అమెజాన్ ముందుకొచ్చి 2023లో మళ్ళీ మొదలుపెట్టింది, 2025 డిసెంబరులో ఆ రెండో జన్మ కూడా అయిపోయింది. దేశం లోపల ఇంకో ఆధారం కూడా సడలింది. వాణిజ్య ఛానెళ్ళు ఏటా ఇంత స్థానిక డ్రామా చూపాలన్న నిబంధన ఉన్నప్పుడు, వందల గంటలు తయారుచేసే సోప్ ఆ లెక్క తీర్చడానికి చవకైన దారి. 2021 నుంచి ఆ నిబంధనను సడలించి, డ్రామా బదులు డాక్యుమెంటరీలూ లెక్కలోకి తీసుకునే వెసులుబాటు ఇచ్చారు. ఇన్ని ఒత్తిళ్ళ మధ్య హోమ్ అండ్ అవే 8,000 ఎపిసోడ్లు దాటి నడుస్తోంది. ఛానెల్ మారినా, ప్రసార సమయం మారినా, తారాగణం మారినా టీవీ పెట్టగానే ‘ఆ, ఇదే కదా మనం చూసేది’ అని గుర్తుపట్టడానికి ఒక ముఖం ఉంది. ఆ మాత్రం గుర్తింపు కోసం వేరే ఛానెళ్ళు కోట్లు పోసి ప్రచారం చేసుకుంటాయి.

2021లో మార్‌కు గుండెకు బైపాస్ ఆపరేషన్ జరిగింది. ఆయనకు అప్పుడు 77 ఏళ్ళు. నెలల తరబడి ముందుగా కథ రాసుకుని, వారానికో సినిమా నిడివి తీసే చోట ప్రధాన నటుడు ఆసుపత్రిలో ఉంటే ఎంత సర్దుబాటు కావాలో ఊహించవచ్చు. కోలుకుని ఆయన మళ్ళీ సెట్‌కు వచ్చారు. తర్వాత పాత సహచరుల సంఖ్య ఇంకా తగ్గింది. 1993 నుంచి ఐరీన్‌గా నటించిన లిన్ మెక్‌గ్రాంజర్ 2025లో సెలవు తీసుకున్నారు, అదే ఏడాది గోల్డ్ లోగీ గెలిచారు. ఐరీన్ పాత్ర మొదట ఆమెది కూడా కాదు, వేరే నటి వదిలేస్తే ఆమె చేతికి వచ్చింది. 2008లో కేట్ రిచీ వెళ్ళాక, మొదటి ఎపిసోడ్‌లో ఉన్న నటుల్లో నేటికీ మిగిలింది మార్ ఒక్కరే.

రూ పాత్రకు ఇంకో నటి దొరికింది. మార్తాకు దొరికింది, ఐరీన్‌కు దొరికింది. ఆల్ఫ్ స్టువర్ట్‌కు ఇంకొకరిని వెతకాల్సిన అవసరం 1988 జనవరి నుంచి ఇప్పటిదాకా రాలేదు.